వెనకడుగుల మామయ్య

ఈ నగరాన్ని ఏడుసార్లు ముట్టడించారు. ఉత్తర ద్వారం పక్కనున్న రాతిఫలకం మీద ఏడు ముట్టడులూ, వాటి తేదీలూ, ఎవరెవరు ఎన్ని వేలమందితో వచ్చారో అన్నీ చెక్కి ఉన్నాయి. వచ్చినవాళ్ళందరికీ ఒక పోలిక ఉంది. అందరూ ముందుకు చూస్తూ నడిచి వచ్చారు. అందుకే ఎవరూ ఎక్కువకాలం నిలవలేదని నా అభిప్రాయం. ఇదే నగరాన్ని ఉదయం తొమ్మిదింటికి ఒకసారి, సాయంత్రం నాలుగింటికి ఒకసారి, వెనక్కి నడుస్తూ ఇరవై ఎనిమిదేళ్ళపాటు జయించినవాడు చరిత్రలో ఒక్కడే. ఆయన పేరు ఆ ఫలకం మీద లేదు. ఆయన మా మామయ్య.

మామయ్య పాతనగరం గైడు. ఛాతీమీద ఏడో నంబరు బిళ్ళ. ఎనిమిదిమందికి మించని బృందాన్ని వెంటబెట్టుకుని ఉత్తర ద్వారం దగ్గర బయల్దేరి, గడియార స్తంభం, బావి కూడలి, అద్దకంవాళ్ళ వీధి, ఇప్పుడు గ్రంథాలయంగా మారిన పాత జైలు చూపించి, అరవైయొక్క మెట్లు దింపి, నది ఒడ్డున కోటగోడ దగ్గర తేలుస్తాడు. మొత్తం రెండు గంటల నడక. ఆ రెండు గంటలూ ఆయన వీపు దారివైపు, మొహం జనంవైపు. చేతిలో ఎన్నడూ విప్పని గొడుగు. ఎండాకాలంలో కూడా మోకాళ్ళదాకా దిగే పొడుగు కోటు. ఆ కోటెందుకని ఎవరైనా అడిగితే, "మర్యాదకండీ" అనేవాడు. ఎవరి మర్యాదకో చెప్పేవాడు కాదు.

ద్వారం కింద టిక్కెట్ల కిటికీలో కూర్చునేది నేను. ఆయన అక్క కొడుకుని. టిక్కెట్లు అయిపోగానే కిటికీకి తాళం వేసి, బృందానికి తోకలా చివర నడవడం కూడా నా ఉద్యోగమే. అంటే మామయ్యకు అందరికంటే దూరంగా ఉండేది నేను, సరిగ్గా ఎదురుగా ఉండేది కూడా నేనే. ఆయన చెప్పే అబద్ధాలకు నవ్వకుండా మొహం బిగపట్టుకోవడం ఆ పనిలోకెల్లా కష్టమైన భాగం.

ఇరవై ఎనిమిదేళ్ళు వెనక్కి నడిచిన మనిషి శరీరానికి, సంసారానికి కొన్ని మార్పులు తప్పవు. ఆయన చెప్పులు వేళ్ళ దగ్గర అరిగిపోయేవి గాని మడమల దగ్గర కొన్ననాటి మెరుపు అలాగే ఉండేది. గడియార స్తంభం కింద కూర్చునే చెప్పులు కుట్టే తాత, వేళ్ళవైపు ముక్క మాత్రం విడదీసి పంపితే సరిపోతుందని, మిగతాది మోసుకురావడం దండగని కబురు పెట్టాడు. మంగలి ఆయన మెడవెనక జుట్టును అరగంట తీర్చిదిద్ది, ముందువైపు రెండు నిమిషాల్లో ముగించేవాడు. ఊరు చూసేది వెనకభాగమే కదా అని అతని లెక్క. ఒకసారి మామయ్య సెలవురోజున మామూలు మనిషిలా ముందుకు నడుచుకుంటూ ఎదురైతే, చెప్పులు కుట్టే తాత "ఎవరు కావాలండీ?" అని అడిగాడు.

"తాతా, నేనయ్యా" అన్నాడు మామయ్య.

తాత తేరిపార చూశాడు. "ఏదీ, ఒకసారి అటు తిరుగు" అన్నాడు. మామయ్య తిరిగాడు. "ఆ, నువ్వే. నీ వెనకభాగం నాకు మొదటిరోజునించీ తెలుసుగా" అని మళ్ళీ సూది అందుకున్నాడు.

అన్నిటికంటే పెద్ద చిక్కు వేరే ఉంది. మామయ్యకు ఈ నగరం వెనక్కి వెళ్ళేటప్పుడే తెలుసు. ప్రతి భవనాన్నీ ఆయన దాన్ని దాటిపోయాక చూసినవాడే గాని, దానికి ఎదురు వెళ్ళి చూసినవాడు కాదు. అందుచేత ముందుకు నడిస్తే దారి తప్పేవాడు. అత్తయ్య ఒకసారి పాలకు పంపితే గంటన్నర తర్వాత ఉత్త చేతులతో వచ్చి, ఊళ్ళో ఎవరో కూడళ్ళు మార్చేశారని ఫిర్యాదు చేశాడు. అప్పటినించీ అత్తయ్య ఆయన్ను ఒంటరిగా ముందుకు పంపలేదు. ఇద్దరూ బజారుకు వెళితే ఆయన వెనక్కి, ఆవిడ ముందుకు, ఎదురెదురుగా నడిచేవాళ్ళు.

"ఇన్నేళ్ళుగా బజారుకెళుతున్నానన్న మాటేగాని, ఈయన మొహం తప్ప బజారు చూసిన పాపాన పోలేదు" అనేది అత్తయ్య. అయితే ఆ మాట అంటున్నప్పుడు ఆవిడ గొంతులో ఫిర్యాదు పాలు తక్కువ.

ఇక నగర కార్యాలయానికి మామయ్యంటే హడల్. ఒక ఏడాది వాళ్ళు చెప్పాపెట్టకుండా బావి కూడలిలో ఒక సేనాధిపతి విగ్రహం నిలబెట్టారు. తెల్లవారి మామయ్య దానికి వీపుతో గట్టిగా తగిలి, తిరిగి చూడకుండానే "క్షమించండి, తమరు ముందు పోండి" అని పక్కకు జరిగి నిలబడ్డాడు. సేనాధిపతి కదలలేదు. మామయ్యా కదలలేదు. మర్యాదకు మర్యాద చెల్లించుకుంటూ ఇద్దరూ ఐదు నిమిషాలు గడిపాక నేను వెళ్ళి చెప్పాల్సి వచ్చింది. ఆ సాయంత్రమే ఆయన కార్యాలయానికి మూడు పేజీల ఉత్తరం రాశాడు. ఇకమీదట నగరంలో ఏ స్తంభం, చెత్తకుండీ, మహనీయుడు నిలబెట్టదలచినా తనకు వారం ముందు తెలియజేయవలెనని. వాళ్ళు నిజంగానే తెలియజేసేవాళ్ళు. ఆ నోటీసులన్నీ మా ఇంట్లో ఒక పెట్టెలో ఉన్నాయి.

నడక మొదలయ్యేముందు మామయ్య చేసే ప్రసంగం ఒకటుంది.

"అయ్యా, అమ్మా, నాకు వీపున కళ్ళు లేవు. మీ ఎనిమిదిమందిలో ఒకరు ఈ రెండు గంటలూ నాకు కళ్ళుగా ఉండాలి. మెట్టొస్తే మెట్టు అనండి. బండొస్తే బండి అనండి. మొహమాటపడితే మీకేం కాదు, నేను పోతాను."

అని గొడుగు ఎత్తి ఒకరిని చూపించేవాడు. ఇక్కడే నేను మామయ్యను క్షమించలేకపోయేవాణ్ణి. మనిషిని ఎంచుకోవడంలో ఆయనంత చేతకానివాణ్ణి నేను చూడలేదు. బృందంలో గొంతున్నవాడు, చురుకైనవాడు, "నేనుంటానండీ" అని చెయ్యెత్తేవాడు ఒకడు ఎప్పుడూ ఉంటాడు. మామయ్య గొడుగు వాణ్ణి దాటుకుని వెళ్ళి, తన చెప్పులకేసి చూసుకుంటూ నిలబడ్డవాడి దగ్గర ఆగేది. ఒకసారి గుసగుస కంటే పెద్దగా మాట్లాడలేని టీచరమ్మ. ఒకసారి సీసా అడుగుల్లాంటి కళ్ళద్దాల ఆసామి. ఒకసారి అమ్మానాన్నలు ఈడ్చుకొస్తే చెవుల్లో పాటలు పెట్టుకుని వచ్చిన, అలిగిన పదహారేళ్ళ పిల్ల. ఆ పిల్ల మొదటి అరగంట నోరు విప్పలేదు. మామయ్య నేరుగా ఒక నీళ్ళ తొట్టిలోకి నడుస్తుంటే చూసి, చూసి, చివరికి చెవుల్లోవి పీకేసి "తొట్టి అంకుల్, తొట్టి!" అని వీధంతా వినబడేలా కేకేసింది. కోటగోడ చేరేసరికి దారిలో కనబడ్డ పిల్లిని కూడా వదలకుండా చెబుతోంది.

"కాస్త చూసి ఎంచుకో మామయ్యా, ఏదో ఒకరోజు కాలు విరగ్గొట్టుకుంటావు" అని నేను ఎన్నోసార్లు అన్నాను.

"నాకు మనుషుల్ని చూడ్డం రాదురా అల్లుడూ" అనేవాడు వినయంగా. నేను నమ్మాను. పదకొండేళ్ళు నమ్మాను.

అలా సాగుతుండగా నగర కార్యాలయానికి కొత్త అధికారిణి బదిలీ మీద వచ్చింది. నలభై దాటిన మనిషి. ఎప్పుడూ చంకలో ఫైలు. నవ్వు కూడా ఫైల్లోనే పెట్టుకుంటుందని ఊళ్ళో చెప్పుకునేవాళ్ళు. ఆవిడ వచ్చిన నాలుగో నెలలో ఒక ఉత్తర్వు జారీ అయింది. గైడ్లందరూ ప్రయాణదిశకు అభిముఖంగా మాత్రమే నడవాలి. లైసెన్సు గడువు ముగిసినవాళ్ళు అధికారిణి సమక్షంలో ఒక నడక నడిపించి చూపితేనే కొత్త బిళ్ళ. ఊళ్ళో తొమ్మిదిమంది గైడ్లు ఉన్నారు. ఎనిమిదిమంది పుట్టినప్పటినించీ అభిముఖంగానే నడుస్తున్నారు. గడువు ముగియబోతున్నది ఒక్క ఏడో నంబరుకే.

మామయ్య ఉత్తర్వు రెండుసార్లు చదివి, మడిచి కోటు జేబులో పెట్టుకున్నాడు. ఆ రోజు ఇంట్లో అన్నం సగం వదిలేశాడు. అరవైమూడేళ్ళ మనిషి. వేరే పని ఏదీ రాదు. ఆ బిళ్ళ పోతే పొద్దున్నే లేచి ఎక్కడికి పోవాలో తెలియని మనిషి.

"ఎంతసేపురా, నడకేగా. చిన్నప్పుడు ముందుకే నడిచుంటాను" అన్నాడు.

వారం రోజులు నేను తర్ఫీదు ఇచ్చాను. ముందుకు నడవడం నేర్చుకుంటున్న గైడును చూడటానికి ద్వారం దగ్గర జనం చేరేవాళ్ళు. మొదటిరోజు గడియార స్తంభానికి ఎదురుగా నిలబడి, "ఇదెప్పుడు కట్టారురా?" అన్నాడు. నాలుగువందల ఏళ్ళయిందని ఆయన దగ్గరే నేర్చుకున్న తేదీ ఆయనకే చెప్పాను. రెండోరోజు కుడికి తిరగాల్సినచోట ఎడమకు తిరిగి ఎవరింటి వంటగదిలోకో వెళ్ళి, పెరడు చాలా ప్రాచీనంగా ఉందని మెచ్చుకుని వచ్చాడు. దారి ఎలాగో బట్టీ పట్టించాను. కథ చెప్పడం మాత్రం పట్టుబడలేదు. గొంతు తేలిపోయేది, మధ్యలో ఆగిపోయేవాడు.

"ఏమైంది మామయ్యా?"

"ఎవరికి చెప్పాలిరా? ఎదురుగా గోడుంది. అది నాకంటే ముందునించీ ఇక్కడుంది. దానికి నేనేం చెబుతాను?"

మంగళవారం ఉదయం తొమ్మిదికి పరీక్ష. అధికారిణి తన టిక్కెట్టు తనే కొనుక్కుని వరసలో నిలబడింది. మిగతా ఏడుగురిలో ఐదుగురు ఒకే కాలేజీ కుర్రాళ్ళు, ఒక పెద్ద వయసు దంపతులు. ఆవిడ ఎవరో తెలియకపోయినా ఫైలు చూసి అందరూ రెండడుగులు ఎడంగా జరిగారు. ఆవిడ కూడా అలవాటైన దానిలా అక్కడే, ఆ ఖాళీ మధ్యలో నిలబడింది.

మామయ్య బయల్దేరాడు. ముందుకు. ప్రసంగం లేదు, గొడుగు లేవలేదు. గడియార స్తంభం దగ్గర తేదీ సరిగ్గా చెప్పాడు. బావి కూడలిలో సేనాధిపతిని మొహంలో మొహం పెట్టి చూసి కాస్త తడబడ్డాడు. వెనక్కి చూడకూడదని నేను బట్టీ పట్టించాను గనక చూడలేదు. మెడ బిగుసుకుపోయి, ఆరో ముట్టడి గురించి ఒక కిటికీకి వివరించుకుంటూ పోయాడు. ఆ కిటికీలో బట్టలారేస్తున్న ఆవిడ శ్రద్ధగా విన్నది. బృందంలో ఎవరికీ ఒక్క ముక్క వినబడలేదు. అధికారిణి ఫైల్లో ఏదో రాసుకుంది.

ఒక అపరాధం నాది కూడా ఉంది. ఆ రోజు నేను తోకగా ఉండకుండా మామయ్య పక్కనే నడిచాను, దారి తప్పుతాడేమోనని. అందుచేత అద్దకంవాళ్ళ వీధి చివర మామయ్య లెక్కపెట్టేవరకూ ఎవరూ గమనించలేదు. ఎనిమిదిమందికి ఆరుగురే ఉన్నారు. పెద్ద దంపతులు లేరు.

నేను ఆయన మొహం అలా పాలిపోవడం ఎన్నడూ చూడలేదు. ఇరవై ఎనిమిదేళ్ళలో ఆయన చేతిలో ఒక్క మనిషి తప్పిపోలేదు. గొడుగు చంకలో పెట్టుకుని పరుగెత్తాడు. వచ్చిన దారివైపు మొహం పెట్టి పరుగెత్తాడు గనక ఆ దారి ఆయనకు బాగా తెలుసు, ఎక్కడా తప్పలేదు. మేమంతా వెనకే పరుగెత్తాం. అధికారిణి కూడా, ఫైలు గుండెలకు హత్తుకుని.

బావి కూడలి పక్క మెట్టుమీద కూర్చుని ఉన్నారు ఇద్దరూ. పెద్దావిడకు చీలమండ బెణికింది. పిలిచారట, ముందున్నవాళ్ళకు వినబడలేదట. ఆవిడ మమ్మల్ని చూసి, "మా వల్ల మీకు ఆలస్యమైపోయిందా బాబూ" అని సిగ్గుపడిపోయింది.

మామయ్య ఆవిడ ముందు మోకాళ్ళమీద కూర్చుని కాలు చూశాడు. గొడుగు ఊతకర్రగా ఆవిడ చేతికిచ్చాడు. తర్వాత లేచి అధికారిణి దగ్గరకు వెళ్ళాడు.

"అమ్మా, లైసెన్సు మీ చేతిలో ఉంది. వీళ్ళు నా చేతిలో ఉన్నారు. మీది మీరు చూసుకోండి, నాది నేను చూసుకుంటాను" అని, వీపు దారివైపుకు తిప్పాడు.

నాకు తెలిసి ఆ కూడలిలో అంతకంటే పెద్ద తిరుగుబాటు ఏ ముట్టడిలోనూ జరగలేదు. కుర్రాళ్ళలో ఒకడు హుషారుగా, "అంకుల్, కళ్ళుగా నేనుంటా" అన్నాడు. వాడికి ఆ సంగతి ముందే ఎవరో చెప్పినట్టుంది. మామయ్య చేతిలో గొడుగు లేదు. వేలితో చూపించాడు. ఆ వేలు కుర్రాణ్ణి దాటింది, పెద్దాయన్ను దాటింది, ఎడంగా నిలబడ్డ అధికారిణి దగ్గర ఆగింది.

"మీరమ్మా. మెట్టొస్తే మెట్టు అనండి."

నేను కళ్ళు మూసుకున్నాను. ఎంపికలో ఆయన చేతకానితనానికి ఇది పరాకాష్ఠ అనుకున్నాను.

ఆవిడ నియమం గురించి ఏదో అనబోయింది. మామయ్య అప్పటికే వెనక్కి నడక మొదలుపెట్టాడు. ఆయన మడమ వెనక అరడుగు దూరంలో రాతిమెట్టు.

"మెట్టు" అన్నదావిడ. చాలా చిన్నగా.

మామయ్య కాలు గాల్లో ఆగింది. "వినబళ్ళేదమ్మా."

"మెట్టండీ, మెట్టు!"

కాలు మెట్టు ఎక్కింది. పాత జైలు చేరేసరికి ఆవిడ బండి, సైకిలు, చెత్తకుండీ అన్నీ చెప్పేస్తోంది. ఫైలు ఎప్పుడో కుర్రాళ్ళ చేతుల్లోకి పోయింది. రెండు చేతులూ ఖాళీగా ఉంటేగాని దారి చూపించడం కుదరదు. అరవైయొక్క మెట్ల దగ్గర ఆవిడ లెక్క చెబుతుంటే కుర్రాళ్ళు వంత పాడారు. ముప్ఫయ్యారు దగ్గర ఆవిడ లెక్క తప్పింది. నలభై అంది. మిగతా ఏడుగురూ ఒకేసారి నవ్వారు. ఆవిడ కూడా నవ్వింది. ఫైల్లో ఉందని ఊళ్ళో అనుకున్న నవ్వు అసలు ఫైల్లో లేదని తేలింది.

కోటగోడ దగ్గర కుర్రాళ్ళు, దంపతులు టీ తాగడానికి వెళుతూ, "రండి మేడం, మీరు లేకపోతే ఎలా" అని ఆవిడను కూడా లాక్కుపోయారు. బల్ల దగ్గర పెద్దావిడ అడిగితే చెప్పింది, ఊరొచ్చి నాలుగు నెలలయిందని, ఆఫీసు బయట మనుషులతో కూర్చుని టీ తాగడం ఇదే మొదలని. ఏడో నంబరు బిళ్ళ శుక్రవారం వచ్చింది. ఉత్తర్వుకు ఒక సవరణ కూడా వచ్చింది. గైడు వెనుకకు నడుచు సందర్భములో బృందమునందలి ఒకరు దారి చెప్పవలెను. ఇప్పటికీ నెలకో ఆదివారం ఆవిడ నా కిటికీ దగ్గరకు వచ్చి టిక్కెట్టు కొంటుంది. దారి చెప్పే పని వేరేవాళ్ళకిస్తే మాత్రం కాస్త చిన్నబుచ్చుకుంటుంది.

ఆ తర్వాతి వారం ఏదో పనిమీద ఉదయం ఆరున్నరకు అద్దకంవాళ్ళ వీధిలో వెళుతున్నాను. వీధిలో నరమానవుడు లేడు. అటు చివరనించి మామయ్య వస్తున్నాడు. ఒంటరిగా, వెనక్కి. ఎవరో వీధి మధ్యలో వదిలేసిన కుర్చీని చూడకుండానే చుట్టి, రెండు మెట్లు ఎక్కి, ఒకటి దిగి, కుక్క తోక తొక్కకుండా దాటుకుని, నా దగ్గరకొచ్చి ఆగాడు. నేను నోరు తెరవలేదు.

"నువ్వేనా అల్లుడూ?" అన్నాడు తిరక్కుండానే. "ఆ సేనాధిపతి తగిలినప్పటినించీ రోజూ ఒకసారి చూసుకుంటాను. రాత్రికి రాత్రి ఏవైనా పెట్టేస్తారు ఈ జనం."

"అంటే నీకు అన్నీ తెలుసు. మరి మెట్టు, బండి అని చెప్పించుకోవడం దేనికి?"

మామయ్య ఇబ్బందిగా కోటు సర్దుకున్నాడు. "ఎనిమిదిమంది వస్తే అందులో ఒక్కరైనా ఎవరికీ పనికిరానట్టు మొహం పెట్టుకుని వస్తారురా. రెండు గంటలు నాకు పనికొస్తే వాళ్ళదేం పోయింది, నాదేం పోయింది?"

అప్పుడు నాకు గుసగుసల టీచరమ్మ, కళ్ళద్దాల ఆసామి, చెవుల్లో పాటల పిల్ల వరసగా గుర్తొచ్చారు. మనుషుల్ని చూడ్డం రానిది ఎవరికో కూడా తెలిసింది. ఆయన వెనక్కి నడవబట్టే ఆ మొహాలు ఆయనకు కనబడ్డాయి.

సహజంగానే నాలో రచయిత మేలుకున్నాడు. టిక్కెట్ల కిటికీ పక్కన బోర్డుమీద పెట్టడానికి మామయ్య గురించి నాలుగు వాక్యాలు రాయమని అధికారిణి కూడా అడిగింది. నేను నలభై రాశాను. గతాన్ని చూపించే మనిషి గతంవైపే మొహం పెట్టి నడిచాడనీ, మనిషి మొహానికి మించిన చారిత్రక కట్టడం లేదని తొలిరోజే గ్రహించిన మహాద్రష్ట అనీ, ఇంకా ఇలాంటివి. ఒక్క చోటే ఖాళీ ఉంచాను. ఆ మహత్తర నిర్ణయం తీసుకున్న తొలిరోజు ఆయన మనసులో ఏముందో ఆయన నోటితోనే చెప్పించాలని. కాగితాలు పట్టుకుని ఇంటికి వెళ్ళాను. అత్తయ్య బొత్తాలు కుడుతోంది. మామయ్య కళ్ళజోడు పెట్టుకుని మొత్తం చదివాడు.

"బాగుందిరా. కాని తొలిరోజు ప్యాంటు చిరిగింది."

"ప్యాంటా?"

"వెనకవైపు. ద్వారం దగ్గర వంగి గొడుగు తీసుకుంటుంటే పర్రుమంది. ఎదురుగా ఎనిమిదిమంది, డబ్బిచ్చి వచ్చినవాళ్ళు. వాళ్ళకెలా వీపు తిప్పను?"

"మరి వీధిలోవాళ్ళకు కనబడదా?"

"కనబడింది. చెప్పులు కుట్టే తాతకు ముందు కనబడింది. వాళ్ళు మనవాళ్ళేగా."

ఇరవై ఎనిమిదేళ్ళ తాత్వికత చేతిలో పట్టుకుని నేను అత్తయ్య వైపు చూశాను. ఆవిడ దారం కొరికి, సూది గుచ్చి పెట్టింది.

"కోటు మరుసటి వారం కొన్నాంరా. అప్పటికే అలవాటైపోయింది" అంది.